జోరిగ్: గుంపును ఆపడం తెలిసిన నాయకుడు

చుట్టూ కిక్కిరిసిన జనం. వాళ్ళ తలల మీదుగా, ఒక మిత్రుడి భుజాలెక్కి కూర్చున్న కళ్ళజోడు యువకుడు. చేతిలో మెగాఫోన్. 1990లో మంగోలియా రాజధాని ఉలాన్‌బాతర్‌లో తీసిన ఈ ఫొటో చూస్తే, జనాన్ని ఉర్రూతలూగిస్తున్న విప్లవ నాయకుడనే ఎవరైనా అనుకుంటారు. నిజానికి అప్పుడు అతను చేస్తున్నది దానికి సరిగ్గా తలకిందుల పని. జనం ఆవేశంగా ఉన్నారు, ఎదురుగా పోలీసులున్నారు, ఏ రాయి ఎటునుంచి వస్తుందో తెలియని టెన్షన్. శాంతించండి, ఎవరి మీదా చెయ్యెత్తకండి అని అతను బతిమాలుతున్నాడు.

అతని పేరు సంజాసురెంగీన్ జోరిగ్. మంగోలియాను ఏకపార్టీ పాలన నుంచి బయటికి నడిపించిన ఉద్యమానికి మొదటి సమన్వయకర్త. అతను చేసిన పదవుల జాబితా రాస్తే రెండు పంక్తులు దాటదు. మూడుసార్లు ప్రజాప్రతినిధి, కొన్ని నెలల పాటు మౌలిక వసతుల మంత్రి, అంతే. అధ్యక్షుడు కాలేదు, ప్రధాని కాలేదు. ప్రధాని కావడానికి రెండడుగుల దూరంలో ఉండగా, 36 ఏళ్ళ వయసులో సొంత ఇంట్లో హత్యకు గురయ్యాడు. అయినా ఆధునిక మంగోలియా రాజకీయాలు అర్థం కావాలంటే, పదవుల్లో ఏళ్ళ తరబడి ఉన్నవాళ్ళకంటే ముందు ఇతని గురించే తెలుసుకోవాలి. అతనికున్న అసలైన బలం, ఎదుటి పక్షం కూడా ఇతనితో కూర్చుని మాట్లాడొచ్చు అనుకునేలా ఉండటం. ఉద్యమాన్ని గెలిపించిందీ, ఎనిమిదేళ్ళ తర్వాత అతన్ని ప్రధాని పదవి దాకా తెచ్చిందీ ఆ బలమే.

ముందు పేరు సంగతి చూడాలి. మంగోలుల పేర్లలో ముందుండేది మనలాగా ఇంటిపేరు కాదు, తండ్రి పేరు. సంజాసురెంగీన్ జోరిగ్ అంటే సంజాసురెన్ కొడుకు జోరిగ్. రోజువారీ వాడుకలో తండ్రి పేరును ఒక్క అక్షరానికి కుదించి ఎస్. జోరిగ్ అని రాస్తారు. ఈ ఇనీషియల్ పద్ధతి మనకూ అలవాటైనదే. జోరిగ్ అనే మాటకు మంగోల్ భాషలో ధైర్యం, సంకల్పం అని అర్థం. ఈ అర్థం తర్వాత ఒక రాజకీయ పార్టీ పేరులోకీ ఎక్కింది. ఆ సంగతి ముందుకు వెళ్ళాక వస్తుంది.

జోరిగ్ 1962 ఏప్రిల్ 20న ఉలాన్‌బాతర్‌లో పుట్టాడు. తండ్రి బుర్యాత్ తెగ మనిషి. తల్లి దోర్జ్‌పాలం డాక్టరు. ఆమె తండ్రి రష్యన్ భౌగోళిక శాస్త్రవేత్త ఆంద్రే సిముకోవ్. రష్యన్ అన్వేషకుడు కోజ్లోవ్ బృందంతో 1920లలో మంగోలియాకు వచ్చిన సిముకోవ్ అక్కడే ఉండిపోయి, గోబీ ఎడారినీ పశువుల కాపరుల వలసలనూ ఏళ్ళ తరబడి అధ్యయనం చేశాడు. ఇప్పటికీ మంగోల్ సంచార జీవనం మీద పరిశోధన చేసేవాళ్ళు ఆయన రాతలు తిరగేస్తారు. స్టాలిన్ కాలపు అరెస్టులు ఆయన్నీ వదల్లేదు. 1939లో పట్టుకెళ్ళారు. 1942లో సోవియట్ నిర్బంధ శిబిరంలోనే చనిపోయాడు. దోర్జ్‌పాలం చిన్నప్పుడే తల్లిదండ్రుల అండ లేకుండా పెరిగింది.

ఈ ఇంట్లో ఏ మాటలు బయటికి వినపడేవో, ఏవి గొంతులోనే ఆగిపోయేవో ఊహించడం కష్టం కాదు. అప్పటి మంగోలియాలో అలాంటి మౌనం చాలా ఇళ్ళలో ఉండేది. 1937 నుంచి 1939 వరకు కమ్యూనిస్టు నియంత చోయ్‌బల్సాన్ పాలనలో జరిగిన ఊచకోతల్లో దాదాపు 30 వేల మందిని చంపేశారు. వారిలో ఎక్కువమంది బౌద్ధ లామాలు. వందల ఆరామాలు నేలమట్టమయ్యాయి. అప్పటికి పది లక్షల మంది కూడా లేని దేశంలో ఇదెంత పెద్ద గాయమో వేరే చెప్పనక్కర్లేదు. ఆ తర్వాత వచ్చిన నాయకుడు త్సెదెన్‌బాల్ పాలన 1984 దాకా సాగింది. చదువులు, ఆసుపత్రులు, ఫ్యాక్టరీలు వచ్చాయి, అక్షరాస్యత పెరిగింది. చెంఘిజ్ ఖాన్ పేరు గర్వంగా ఎత్తడం మాత్రం జాతీయవాద నేరమయ్యేది. సరుకుల వ్యాపారమంతా దాదాపుగా సోవియట్ కూటమితోనే.

జోరిగ్ చదువు ఆ వ్యవస్థ మధ్యలోనే సాగింది. ఉలాన్‌బాతర్‌లో రష్యన్ మాధ్యమం బడి, ఆ తర్వాత 1980 నుంచి 1985 వరకు మాస్కో స్టేట్ యూనివర్సిటీలో తత్వశాస్త్రం, సమాజ శాస్త్రాలు. తిరిగొచ్చాక ఏడాది పాటు యువజన సంఘంలో పనిచేసి, మంగోలియా నేషనల్ యూనివర్సిటీలో లెక్చరర్‌గా చేరాడు. అతను పాఠం చెప్పిన సబ్జెక్టు పేరు శాస్త్రీయ కమ్యూనిజం. కొన్నేళ్ళ తర్వాత పాలక కమ్యూనిస్టు పార్టీ గుత్తాధిపత్యాన్ని కూల్చబోయే మనిషి ఆ సిద్ధాంతాన్నే క్లాసులో వివరించాడు. దీన్ని వింతగా చూడాల్సిన పనిలేదు. సోవియట్ నేత గోర్బచేవ్ నాటి మాస్కో గాలి తగిలిన కుర్రాళ్ళకు పాలకుల భాష, వాదనలు, భయాలు అన్నీ లోపలినుంచి తెలుసు. ఎక్కడ నొక్కితే కదులుతుందో తెలుసు.

1988లో జోరిగ్, అతని మిత్రులు కలిసి కొత్త తరం అనే అర్థం వచ్చే పేరుతో ఒక రహస్య బృందం కట్టారు. పార్టీ కూడా అప్పటికే పునర్నిర్మాణం, పారదర్శకత అనే మాటలు వాడుతోంది. ఆ మాటలనే పట్టుకుని, చెప్పింది చేసి చూపించండి అని అడగడం వీళ్ళ ఎత్తుగడ.

1989 డిసెంబర్ 10. మానవ హక్కుల దినం. ఉలాన్‌బాతర్‌లోని యువజన సాంస్కృతిక కేంద్రం ముందు సుమారు 200 మంది గుమిగూడారు. మంగోల్ ప్రజాస్వామ్య సంఘం ఏర్పడిందని అక్కడే ప్రకటించారు. సంఖ్య చూస్తే మన దగ్గర ఒక వార్డు మీటింగుకు వచ్చే జనం కూడా కాదు. కానీ ఆరు నెలల కిందటే, జూన్‌లో, పక్క దేశం రాజధాని బీజింగ్‌లో విద్యార్థుల మీదికి ట్యాంకులు వెళ్ళాయి. ఆ సంగతి తెలిసి కూడా బ్యానర్ పట్టుకుని వీధిలో నిలబడిన 200 మంది వాళ్ళు. బహుళ పార్టీ వ్యవస్థ, స్వేచ్ఛాయుత ఎన్నికలు, మానవ హక్కులు, పత్రికా స్వేచ్ఛ వాళ్ళ డిమాండ్లు. ప్రభుత్వాన్ని పడగొడతామని ఎవరూ అనలేదు. సంఘానికి ప్రధాన సమన్వయకర్తగా జోరిగ్‌ను ఎన్నుకున్నారు. అప్పటికతనికి 27 ఏళ్ళు.

ఆ చలికాలం గురించి కాస్త ఆగి చెప్పుకోవాలి. జనవరిలో ఉలాన్‌బాతర్‌లో ఉష్ణోగ్రత మైనస్ 30 డిగ్రీలకు పడిపోవడం మామూలే. ఆ చలిలో వారం తర్వాత వారం జనం వీధుల్లోకి వచ్చారు. జనవరి 14న వెయ్యి మంది వస్తే, ఆ తర్వాత సుఖ్‌బాతర్ చౌక్‌లో ఇంకా ఎక్కువమంది. ఇన్నాళ్ళూ దాచిపెట్టుకున్న చెంఘిజ్ ఖాన్ పేరు పాటల్లోకి, నినాదాల్లోకి తిరిగొచ్చింది. ఫిబ్రవరిలో జాతీయ గ్రంథాలయం ముందున్న స్టాలిన్ విగ్రహాన్ని ప్రభుత్వమే తీసేయించింది. సిముకోవ్ మనవడికి ఆ దృశ్యం ఎలా అనిపించి ఉంటుందో! మార్చి 4న జరిగిన ర్యాలీకి జనం వేలల్లో తరలివచ్చారు. అప్పటికి దేశం మొత్తం జనాభా 20 లక్షల పైచిలుకు మాత్రమే.

మార్చి 7న పది మంది సుఖ్‌బాతర్ చౌక్‌లో నిరాహార దీక్షకు కూర్చున్నారు. పార్టీ అగ్రనాయకుల బృందమైన పొలిట్‌బ్యూరో మొత్తం దిగిపోవాలని వాళ్ళ పట్టు. మంచులో, ఆరుబయట. దీక్ష మొదలయ్యాక జనం ఓపిక సన్నబడుతుంది. దీక్షలో ఉన్నవాళ్ళలో ఒకరికి ఏమన్నా అయితే ఆ తర్వాత జరిగేదాన్ని ఆపడం ఎవరి వల్లా కాదు. దీక్షలు ఎలా మలుపు తిరుగుతాయో పొట్టి శ్రీరాములు కథ తెలిసిన తెలుగువాళ్ళకు వివరించక్కర్లేదు.

అధికారం వైపునుంచి కూడా ఒక మనిషి ఈ కథలో ఉన్నాడు. పార్టీ ప్రధాన కార్యదర్శి జంబిన్ బాత్‌మోంఖ్. ఆర్థిక శాస్త్రం చదువుకున్న మాజీ అధ్యాపకుడు, యూనివర్సిటీకి రెక్టర్‌గా చేసినవాడు, 1974 నుంచి పదేళ్ళు ప్రధాని. ప్రదర్శనల మీద బలప్రయోగానికి అనుమతిచ్చే పత్రం మీద సంతకం పెట్టమని సహచరులు ఒత్తిడి చేసినప్పుడు ఆయన ఒప్పుకోలేదు. గుప్పెడు మంది ఉన్న మంగోలులం, ఒకరి ముక్కునుంచి ఒకరం రక్తం కారేలా కొట్టుకునే దశకు ఇంకా రాలేదు అనే అర్థంలో ఆయన అన్న మాట ఇప్పటికీ అక్కడ చెప్పుకుంటారు. మార్చి 9న పొలిట్‌బ్యూరో రాజీనామా చేసింది. బాత్‌మోంఖ్ పదవి వదిలేసి, మళ్ళీ రాజకీయాల జోలికి రాకుండా మామూలు మనిషిలా బతికి 1997లో కన్నుమూశాడు. జోరిగ్‌కు ఇవ్వాల్సిన గౌరవంలో కొంత ఈయనకూ ఇవ్వకపోతే అన్యాయమే అవుతుంది. వీధిలో ఒకరు ఆపారు, ఆఫీసు గదిలో ఒకరు ఆగారు. ఈ రెంటిలో ఏ ఒక్కటి లేకపోయినా ఆ మార్చి నెల వేరేలా ముగిసేది.

రక్తం చిందకపోవడానికి వ్యక్తుల మంచితనం ఒక్కటే కారణం కాదు. సోవియట్ సైన్యం అప్పటికే మంగోలియా నుంచి వెనక్కి మళ్ళుతోంది. 1968లో ప్రాగ్‌కు పంపినట్టు గోర్బచేవ్ ట్యాంకులు పంపడని అందరికీ తెలుసు. తూర్పు యూరప్‌లో ఒక్కో ప్రభుత్వం కూలిపోతుండటం కళ్ళ ముందే కనిపిస్తోంది. పైగా ఉలాన్‌బాతర్ చిన్న ఊరు. చౌక్‌లో అరుస్తున్న కుర్రాళ్ళు, లోపల సమావేశమైన నాయకులు ఒకే బడుల్లో చదివినవాళ్ళు, ఒకరి పిల్లలు ఒకరికి తెలిసినవాళ్ళు. ఆ ఏడాదే భారత రాయబారిగా వచ్చిన లడఖ్ బౌద్ధ గురువు కుషోక్ బకులా రింపోచే కూడా ఉద్యమకారులకు అహింసనే నూరిపోశారని చెప్తారు. అయితే పరిస్థితులు ఎంత అనుకూలంగా ఉన్నా, గుంపులో ఒక్క క్షణపు తొందరపాటు అన్నిటినీ తుడిచేయగలదు. అదే చలికాలంలో రొమేనియాలో, అజర్‌బైజాన్ రాజధాని బాకూలో రక్తం చిందింది. మెగాఫోన్ పట్టుకున్నవాడు ఏం మాట్లాడుతున్నాడన్నది అందుకే ముఖ్యమైంది.

1990 జులై 29న మొదటి బహుళ పార్టీ ఎన్నికలు జరిగాయి. ఉద్యమకారులు ఓడిపోయారు. మహా ఖురల్ అనే పార్లమెంటులోని 430 స్థానాల్లో 357 పాత కమ్యూనిస్టు పార్టీకే వెళ్ళాయి. పల్లెల్లో, గడ్డి మైదానాల్లో ఆ పార్టీ యంత్రాంగం చెక్కుచెదరకుండా ఉంది. కొత్త పార్టీల దగ్గర జీపులకు పెట్రోలు కూడా కష్టమే. అయినా గెలిచినవాళ్ళు అన్నీ తమ దగ్గరే పెట్టుకోలేదు, ప్రతిపక్షానికి ప్రభుత్వంలో చోటిచ్చారు. ఓడినవాళ్ళు ఫలితాన్ని ఒప్పుకున్నారు. ఒక ప్రజాస్వామ్యం నిలబడుతుందో లేదో తేలేది సాధారణంగా ఈ మొదటి ఓటమి దగ్గరే. జోరిగ్ గెలిచి సభలోకి వెళ్ళాడు.

1992 జనవరిలో కొత్త రాజ్యాంగం వచ్చింది. దేశం పేరులోంచి ప్రజా రిపబ్లిక్ అన్న మాట పోయి మంగోలియా మాత్రమే మిగిలింది. 76 మంది సభ్యుల ఒకే సభ, ప్రజలు నేరుగా ఎన్నుకునే అధ్యక్షుడు. అదే సమయంలో సోవియట్ యూనియన్ కూలిపోయి, దాని సాయం ఆగిపోయి, మంగోలియా బతుకు తలకిందులైంది. రొట్టె, మాంసం, పిండి కోసం రేషన్ కార్డులు. 1992లో ధరలు ఏడాదిలో మూడు రెట్లకు పైగా పెరిగాయి. ప్రజాస్వామ్యం అంటే క్యూలో నిలబడటమేనా అని జనం విసుక్కున్న రోజులవి. ఆ ఏడాది ఎన్నికల్లో పాత పార్టీ 76లో 70 గెలుచుకుంది. ప్రతిపక్షాలకూ స్వతంత్రులకూ కలిపి మిగిలిన ఆరుగురిలో జోరిగ్ ఒకడు.

1996లో ఉద్యమం నుంచి వచ్చిన పార్టీల ప్రజాస్వామ్య కూటమి 50 స్థానాలతో గెలిచింది. 1921 తర్వాత మొదటిసారి పాత పార్టీ అధికారం దిగింది. బ్యాలెట్‌తోనే దిగింది. జోరిగ్ మళ్ళీ గెలిచాడు కానీ, గెలిచిన కూటమి కుదురుగా లేదు. దిగుమతి సుంకాలు ఎత్తేయడం, ప్రభుత్వ ఆస్తులు ప్రైవేటు చేతుల్లో పెట్టడం ఎంత వేగంగా జరగాలన్న దాని మీద లోపల కొట్లాటలు. డబ్బు దగ్గర చేరినచోట అనుమానాలూ చేరాయి. 1997లో అధ్యక్ష పదవి పాత పార్టీకి చెందిన బగబంది గెలుచుకున్నాడు. ఇక సభ ఒకరిది, అధ్యక్ష భవనం మరొకరిది.

1998 ఏప్రిల్‌లో ఉద్యమ సహచరుడు ఎల్బెగ్‌దోర్జ్ 35 ఏళ్ళకే ప్రధాని అయ్యాడు. జోరిగ్‌కు మౌలిక వసతుల శాఖ దక్కింది. మూడు నెలలైనా గడిచాయో లేదో, ప్రభుత్వ ఆధీనంలోని పునర్నిర్మాణ బ్యాంకును ప్రైవేటు గోలోమ్ట్ బ్యాంకులో కలిపేయడం మీద దుమారం రేగి జులైలో ప్రభుత్వం పడిపోయింది. అక్కడినుంచి నెలల తరబడి ప్రతిష్టంభన. కూటమి ఒక పేరు పంపుతుంది, అధ్యక్షుడు తిప్పికొడతాడు. పడిపోయిన మంత్రివర్గమే ఆపద్ధర్మంగా కొనసాగుతోంది, జోరిగ్ కూడా ఆ పదవిలోనే ఉన్నాడు.

ఇలాంటి చిక్కుముడి పడినప్పుడు రెండు పక్షాలూ వెతికేది ఒకే రకం మనిషి కోసం. స్వపక్షం అనుమానించనివాడు, అవతలివాళ్ళు అసహ్యించుకోనివాడు కావాలి. 1990లో చౌక్‌లో అందరూ చూసిన జోరిగ్ పేరు మళ్ళీ పైకి వచ్చింది. ప్రధాని అభ్యర్థిగా అతన్నే ప్రకటించబోతున్నారు. ఆ ప్రకటన అక్టోబర్ 5, సోమవారం రావాలి.

అక్టోబర్ 2, శుక్రవారం రాత్రి. ఇద్దరు అతని ఫ్లాట్‌లోకి చొరబడ్డారు. ఇంట్లో ఉన్న భార్యను కట్టేశారు. జోరిగ్ తలుపు తీసుకుని లోపలికి రాగానే మీదపడి పదే పదే కత్తులతో పొడిచి చంపారు. వెళ్తూ వెళ్తూ ఫ్రిజ్‌లోంచి ఒక వెనిగర్ సీసా, సోయా సాస్ సీసా పట్టుకెళ్ళారట. ఎందుకో ఎవరికీ అర్థం కాలేదు. మనకు ఆ తేదీ గాంధీ జయంతి. మంగోలులకు అప్పటినుంచి అది జోరిగ్ పోయిన రోజు.

వార్త తెలియగానే జనం కొవ్వొత్తులు పట్టుకుని సుఖ్‌బాతర్ చౌక్‌కు చేరారు. ఎనిమిదేళ్ళ కిందట మైనస్ 30 డిగ్రీల్లో నిలబడిన చోటే మళ్ళీ నిలబడ్డారు. భౌతికకాయాన్ని చూడటానికి వేల మంది వరుస కట్టారు. అంత కోపంలో కూడా ఎక్కడా ఒక్క అద్దం పగలలేదు, ఎవరి ఇంటి మీదికీ ఎవరూ పోలేదు. జనాన్ని శాంతపరచడానికి ఈసారి భుజాల మీద ఎవరూ లేరు. అతను నేర్పిన అలవాటును జనం వాళ్ళంతట వాళ్ళే పాటించారు. ఏడాది తిరిగేసరికి చౌక్ దగ్గర్లో, సెంట్రల్ పోస్టాఫీసు ఎదుట అతని కాంస్య విగ్రహం వెలిసింది.

ప్రధాని పదవి చిక్కు డిసెంబర్‌లో గానీ వీడలేదు. నరంత్సత్సరాల్ట్ ప్రధాని అయ్యాడు, ఆయన ప్రభుత్వమూ ఎక్కువకాలం నిలవలేదు. 2000 ఎన్నికల్లో పాత పార్టీ 76లో 72 ఊడ్చుకుపోయింది. జోరిగ్ బతికి ఉంటే ఇదంతా వేరేలా ఉండేదని అనుకోవడం సులువే. కూటమి లోపలి తగవులను ఒక్క మనిషి మాన్పేవాడని మాత్రం గట్టిగా చెప్పలేం.

ఆ 2000 ఎన్నికల్లో గెలిచిన నలుగురు ఇతరుల్లో జోరిగ్ చెల్లెలు ఓయున్ ఒకరు. కేంబ్రిడ్జ్‌లో భూగర్భ రసాయన శాస్త్రంలో డాక్టరేట్ చేసి, విదేశీ గనుల కంపెనీలో ఉద్యోగం చేస్తున్న ఆమెకు రాజకీయాలతో పనిలేదు. అన్న హత్య తర్వాత ఉద్యోగం మానేసి వచ్చి, ఖాళీ అయిన అతని స్థానానికి జరిగిన ఉప ఎన్నికలో నిలబడి గెలిచింది. అన్న పేరు మీద ఫౌండేషన్ పెట్టింది. 2000లో సొంత పార్టీ పెట్టింది. దాని పేరు ఇర్గెనీ జోరిగ్. పౌర ధైర్యం, పౌర సంకల్పం అని అర్థం. ఓటరు ఆ మాటను మామూలు అర్థంలో చదువుకోవచ్చు, మనిషి పేరుగానూ చదువుకోవచ్చు. తర్వాత ఆమె విదేశాంగ మంత్రి, పర్యావరణ మంత్రి అయ్యింది. 2014లో ఐక్యరాజ్యసమితి పర్యావరణ సభకు మొదటి అధ్యక్షురాలిగా కూర్చుంది.

హత్య కేసు మాత్రం ఏళ్ళ తరబడి ఎటూ తేలలేదు. ఎన్నికలు వచ్చినప్పుడల్లా బయటికి తీయడం, తర్వాత మూసేయడం. గనుల కాంట్రాక్టులు, బ్యాంకు వ్యవహారం, ప్రైవేటీకరణలో దోపిడీ అంటూ కారణాల గురించి ఎన్నో ఊహలు తిరిగాయి. ఏదీ రుజువు కాలేదు. చివరికి 2016 డిసెంబర్‌లో ముగ్గురికి దీర్ఘకాల జైలు శిక్షలు పడ్డాయి. విచారణంతా రహస్యంగా, మూసిన తలుపుల వెనకే జరిగింది. రాజ్య రహస్యం అన్నారు. పత్రికల వాళ్ళను రానివ్వలేదు. ఆ తీర్పును నమ్మాలో వద్దో మంగోలులకే తేల్చుకోవడం కష్టమైంది.

2019లో ఆ సందేహానికి ఆధారం దొరికింది. శిక్షపడినవాళ్ళను గూఢచారి సంస్థ కస్టడీలో చిత్రహింసలు పెట్టి నేరం ఒప్పించిన వీడియోను ప్రభుత్వమే బయటపెట్టింది. ఆ సంస్థ మాజీ అధిపతి, కొందరు అధికారులు కోర్టు మెట్లెక్కాల్సి వచ్చింది. హింస పెట్టి చెప్పించిన మాట సాక్ష్యం కాదు. అంటే 2016 తీర్పు పునాదే కదిలిపోయింది. ఇక ఆ ఇద్దరినీ ఆ రాత్రి ఆ ఫ్లాట్‌కు పంపిందెవరు అన్న అసలు ప్రశ్న జోలికి ఆ విచారణ పోనే లేదు. సెంట్రల్ పోస్టాఫీసు ఎదుట, జనం నడిచే దారి పక్కనే, విగ్రహం నిలబడి ఉంది. ఆదేశం ఇచ్చిన మనిషి పేరు ఏ కోర్టు కాగితం మీదికీ ఇంకా ఎక్కలేదు.